మూలం ముందు రాయండి

పలాసలో మా పిన్ని ఇంటికి వెళ్తే బీరువా మీద మూడు ప్లాస్టిక్ సంచులు కనిపిస్తాయి. ఒకదాంట్లో కిడ్నీ కాగితాలు. రెండోదాంట్లో ఎముకల డాక్టరు రాసిన చీటీలు, ఎక్స్‌రేలు. మూడోది అన్నిటికన్నా కింద ఉంటుంది, రంగు వెలిసిపోయి. ముప్ఫై నాలుగో ఏట గర్భసంచి తీయించుకున్నప్పటి కాగితాలు అందులో ఉన్నాయి. ఏ డాక్టరు దగ్గరికి వెళ్తే ఆ సంచి ఒక్కటే పట్టుకెళ్తుంది. మూడూ పక్కపక్కన పెట్టి చూసినవాళ్లు లేరు. తెమ్మని అడిగినవాళ్లూ లేరు.

రెండేళ్ల కిందట పెరట్లో నీళ్ల బకెట్టు ఎత్తబోయి పిన్ని అక్కడే కూలబడిపోయింది. తుంటి ఎముక విరిగింది. అప్పటికి ఆవిడ వయసు 47. నాలుగేళ్లుగా కిడ్నీ జబ్బు, ఏడాదిన్నరగా డయాలసిస్. ఆపరేషన్ చేసిన ఆస్పత్రి ఇచ్చిన డిశ్చార్జి కాగితంలో కారణం అన్నచోట 'ఇంట్లో జారిపడింది' అని ఉంది. కిడ్నీ ఊసు లేదు. పిన్ని ఇప్పటికీ ఒప్పుకోదు. "నాను జారలేదమ్మా. బకెట్టు ఎత్తినాను, లోపల టప్పుమన్నాది. నాను పడకముందే అది విరిగిపోనాది. ఆలకి తోచింది ఆలు రాసీసినారు" అంటుంది.

పడకముందే విరిగింది. రోగ నిర్ధారణ అంతా ఆ ఒక్క మాటలో ఉంది. రాసుకున్నవాళ్లు వినలేదు.

ఈ వ్యాసం ఆ రాయకపోవడం గురించి.

పిన్ని కూతురు హైదరాబాదులో మెడికల్ కోడర్. ఎమ్మెస్సీ చదివి, ఉద్యోగం దొరక్క, కోడింగ్ పరీక్ష పాసై అక్కడ చేరింది. మన జిల్లాల నుంచి సైన్సు చదివిన ఆడపిల్లలు ఎంతోమంది ఈ పనిలో ఉన్నారు. అమెరికాలో ఎక్కడో డాక్టరు రాసిన కేసు కాగితాలు చదివి, ఒక్కో జబ్బుకీ ప్రపంచ ఆరోగ్య సంస్థ వర్గీకరణ నుంచి తయారైన జాబితాలోని నెంబరు వేయాలి. ఆ నెంబర్లను బట్టి అక్కడి ఇన్సూరెన్సు కంపెనీలు డబ్బు కడతాయి. అమెరికాలో 2015 అక్టోబర్ 1 నుంచి ఐసిడి-10 అనే జాబితా వాడుతున్నారు.

తల్లి ఎముక విరిగిన వారం రోజులకి మా చెల్లి నాతో అంది: "అక్కా, ఇదే కేసు నాకు అమెరికా నుంచి వచ్చుంటే అక్కడి డాక్టరు అన్నీ రాసి ఉండేవాడు. చివరి దశ కిడ్నీ జబ్బు ఎన్ 18.6. డయాలసిస్ మీద ఉంది, జడ్ 99.2. కిడ్నీ వల్ల పారాథైరాయిడ్ పెరిగింది, ఎన్ 25.81. కిడ్నీ వల్ల వచ్చిన ఎముకల జబ్బు, ఎన్ 25.0. ఆ తర్వాతే విరగడం. రోజుకి ఇలాంటివి ఎన్నో వేస్తాను. అమ్మ కాగితం నా చేతికిచ్చినా మాత్రం ఏమీ వేయలేను. డాక్టరు రాయనిది కోడర్ ఊహించి వేయకూడదు. కాగితం మీద లేకపోతే జరగనట్టే."

కాగితం మీద లేకపోతే జరగనట్టే. ఇది కోడర్లకి మొదటి రోజు నేర్పే పాఠమట. సాహిత్యంలో డాక్టరేట్ చేసిన నాకు ఈ పాఠం కొత్తది కాదు. స్త్రీల చరిత్ర గురించి మనం ముప్ఫై, నలభై ఏళ్లుగా చెప్తున్నది ఇదే కదా!

ముందు జబ్బు సంగతి. కిడ్నీ అనగానే మనకి మూత్రమే గుర్తొస్తుంది. కానీ అది ఎముకకి కాపలా కూడా. ఎండ నుంచీ తిండి నుంచీ వచ్చిన విటమిన్ డిని శరీరానికి పనికొచ్చే రూపంలోకి చివరగా మార్చేది కిడ్నీయే. ఎక్కువైన ఫాస్ఫరస్‌ని బయటికి పంపేదీ అదే. కిడ్నీ చెడితే ఈ రెండు పనులూ కుంటుపడతాయి. రక్తంలో ఫాస్ఫరస్ పేరుకుంటుంది, కాల్షియం తగ్గుతుంది. మెడలో, థైరాయిడ్ వెనక, బియ్యపు గింజలంత గ్రంథులు నాలుగుంటాయి. వాటిని పారాథైరాయిడ్ గ్రంథులంటారు. కాల్షియం తగ్గిందని తెలియగానే అవి హార్మోను వదులుతాయి. ఆ హార్మోను ఎముకలోని కాల్షియాన్ని తీసి రక్తంలో పోస్తుంది. వంటచెరుకు లేదని ఇంటి దూలాలు పీకి పొయ్యిలో పెట్టుకోవడం లాంటిది. కిడ్నీ పనితీరు సగానికి అటూ ఇటూగా తగ్గేసరికే ఇది మొదలవుతుంది. చాలామందికి అప్పటికి జబ్బుందనే తెలియదు. 2006లో కిడ్నీ వైద్యుల అంతర్జాతీయ సంస్థ కేడీగో, రక్తంలో ఖనిజాలు చెడటం, ఎముక చెడటం, రక్తనాళాల్లో సున్నం పేరుకోవడం, ఈ మూడూ కలిసి ఒకే రుగ్మత అని పేరు పెట్టింది. అంటే కిడ్నీనీ ఎముకనీ విడదీసి చూడొద్దని వైద్యశాస్త్రం చెప్పి దాదాపు రెండు దశాబ్దాలవుతోంది. పిన్ని సంచులు మాత్రం ఇంకా విడివిడిగానే ఉన్నాయి.

ఇక ఆ వర్గీకరణ గ్రంథంలోకి వెళ్దాం. కిడ్నీ లాంటి వేరే జబ్బు వల్ల వచ్చే ఎముకల రోగాలకి అందులో ఎం 90 అని ఒక గది ఉంది. దాని పేరుని తెలుగులో చెప్పుకుంటే 'మరోచోట వర్గీకరించిన జబ్బుల్లో వచ్చే ఎముకల రోగాలు'. మొదటిసారి చదివినప్పుడు నాకు నవ్వొచ్చింది. ఆడదాని చిరునామా ఎప్పుడూ మరోచోటే కదా! ఫలానా వారి కూతురు, ఫలానా వారి భార్య. చివరికి ఆమె ఎముక కూడా మరోచోటే. ఇలాంటి జబ్బుల్ని 'సెకండరీ' అంటారని తెలిశాక ఇంకా మండింది. రెండోది అన్న మాట వినగానే మనకి బోవా గుర్తొస్తుంది. ఒక వ్యంగ్య వ్యాసం రాసి చేతులు దులుపుకుందామనుకున్నాను.

చెల్లి నా కోపం మీద నీళ్లు పోసింది. "అక్కా, నువ్వు గుర్తులు చూడలేదు" అంది. ప్రపంచ ఆరోగ్య సంస్థ ఐసిడి-10లో కొన్ని కోడ్‌ల పక్కన కత్తి గుర్తు ఉంటుంది, కొన్నిటి పక్కన నక్షత్రం. కత్తి గుర్తు మూలకారణానికి. నక్షత్రం దానివల్ల కనిపించే బాధకి. నక్షత్రం ఉన్నదాన్ని ఒక్కదాన్నే ఎప్పుడూ రాయకూడదు. మూలాన్ని రాయకుండా బాధని రాస్తే ఆ రాత చెల్లదు. అమెరికా జాబితాలో అయితే అలాంటి చోట్ల మాటల్లోనే చెప్తారు: మూలం ముందు రాయండి అని.

నా వ్యంగ్య వ్యాసం అక్కడితో ఆగిపోయింది. 'రెండోది' అంటే ఇక్కడ తక్కువది అని కాదు. దీని వెనక ఇంకోటి ఉంది, అది చెప్పకుండా కదలొద్దు అని. స్త్రీల బాధ గురించి మన సమాజం పాటించని నియమాన్ని ఒక గుమాస్తా పుస్తకం పాటిస్తోంది! మన ఇళ్లల్లో, ఆస్పత్రుల్లో, ఆఖరికి మన కథల్లో కూడా ఆడవాళ్ల నొప్పికి నక్షత్రం ఒక్కటే ఉంటుంది, కత్తి ఉండదు. 'ఒళ్లు నొప్పులు.' 'నీరసం.' 'వయసు మీద పడింది.' ఎందుకు అన్న కాలమ్ ఖాళీ.

ఉద్దానంలో ఈ ఖాళీ ఎంత పెద్దదో చూడండి. కవిటి, కంచిలి, సోంపేట, ఇచ్ఛాపురం, మందస, పలాస, వజ్రపుకొత్తూరు. ఉద్యానం అన్న మాట నుంచే ఉద్దానం పేరు వచ్చిందంటారు. కొబ్బరి, జీడిమామిడి, పనస తోటల సీమ. 2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను ఆ తోటల్ని నేలకూల్చింది. దానికి ఎన్నో ఏళ్ల ముందు నుంచే ఇక్కడ కిడ్నీలు చెడిపోతున్నాయి. సర్వేల్లో ఇంచుమించు ప్రతి ఐదుగురు పెద్దవాళ్లలో ఒకరికి కిడ్నీ జబ్బు కనిపించింది. మిగతా ప్రపంచంలో కిడ్నీ జబ్బుకి షుగరో బీపీయో కారణమైతే, ఇక్కడ చాలామందికి ఆ రెండూ లేవు. నీళ్లా, పురుగుమందులా, ఎండలో ఒళ్లు ఎండిపోయే పనా, నొప్పి మాత్రలా, వంశమా, ఏ ఒక్కటీ తేలలేదు. శ్రీలంక వరి పొలాల్లో, మధ్య అమెరికా చెరుకు తోటల్లో ఇలాంటి జబ్బే ఉంది. అక్కడి చెరుకు తోటల్లో రోగులు ఎక్కువగా మగవాళ్లు. ఉద్దానంలో అది ఆడవాళ్లనీ వదల్లేదు.

ఈ ఆడవాళ్లు ఏం పని చేస్తారు? పలాస, కాశీబుగ్గల్లో జీడిపిక్కలు కొడతారు, పప్పు పొట్టు తీస్తారు, గ్రేడు చేస్తారు. పొద్దున్నుంచి వంగి కూర్చునే పని. జీడి అంటుకుని వేళ్లు కాలతాయి. సాయంత్రానికి నడుం, మోకాళ్లు, భుజాలు లాగేస్తాయి. అందుకే నొప్పి అని చెప్తే ఎవరూ ఆశ్చర్యపోరు. "పని చేసిన ఒళ్లు కదా" అంటారు. నిజమే, పని వల్ల నొప్పి వస్తుంది. కానీ పని వల్ల వచ్చే నొప్పి వెనక ఎముక లోపల్నుంచి గుల్లవుతున్న నొప్పి దాక్కుంటుంది. రెండిటికీ ఊళ్లో ఒకటే మందు. ఆర్ఎంపీ డాక్టరు ఇంజెక్షన్, లేదా మందుల షాపులో అడిగి కొనుక్కున్న నొప్పి మాత్ర. డైక్లోఫెనాక్ లాంటి మాత్రలు అదేపనిగా వాడితే కిడ్నీకి హాని. కిడ్నీ చెడితే ఎముక సలుపు. సలిపితే మళ్లీ అదే మాత్ర. నొప్పికి మూలం రాయకపోవడం అంటే ఇదీ. ఇది కేవలం భాష సమస్య కాదు, నొప్పికి ఇచ్చిన మందే మూలానికి ఎరువవుతోంది.

మూడో సంచి సంగతి కూడా చెప్పాలి. 2015-16 నాటి జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో 15 నుంచి 49 ఏళ్ల స్త్రీలలో గర్భసంచి తీయించుకున్నవాళ్లు దేశం మొత్తం మీద 3.2 శాతం. ఆంధ్రప్రదేశ్‌లో 8.9 శాతం. అండాశయాలు కూడా తీసేస్తే ఎముకని కాపాడే ఈస్ట్రోజెన్ ఒక్కసారిగా పడిపోతుంది. గర్భసంచి ఒక్కటే తీసినా అండాశయాలు ముందుగా అలిసిపోయే అవకాశం ఎక్కువ. ఐసిడి-10లో ముట్లుడిగాక వచ్చే ఎముకల గుల్లతనానికి ఎం 81.0, అండాశయాలు తీశాక వచ్చేదానికి ఎం 81.1 అని వేర్వేరు నెంబర్లున్నాయి. ప్రకృతి చేసిందీ కత్తి చేసిందీ ఒకటి కాదని ఆ పుస్తకానికి తెలుసు. పిన్ని కాగితంలో అండాశయాలు తీశారో లేదో స్పష్టంగా లేదు. ఏ నెంబరు వేయాలి? 47 ఏళ్లకి తుంటి విరిగిన మనిషికి "ఈ వయసులో మామూలే" అన్నారు. ఏ వయసులో? పదమూడేళ్ల కిందట ఆ వయసుని ముందుకి లాక్కొచ్చింది ఎవరు?

లెక్క తప్పేది ఆస్పత్రి కాగితంలోనే కాదు. డయాలసిస్ చేయించుకునే కిడ్నీ రోగులకి రాష్ట్ర ప్రభుత్వం 2019 నుంచి నెలకి 10,000 రూపాయల పింఛను ఇస్తోంది. మంచి పని. డయాలసిస్ దాకా రానివాళ్లకి పెట్టిన కొలతల్లో ఒకటి, రక్తంలో క్రియాటినిన్ 5 మిల్లీగ్రాములు దాటాలన్నది. క్రియాటినిన్ కండరం నుంచి వస్తుంది. స్త్రీలలో కండరం తక్కువ కాబట్టి, కిడ్నీ అంతే చెడినా క్రియాటినిన్ తక్కువగా కనిపిస్తుంది. 45 ఏళ్ల మగవాడికి 5 దగ్గర ఉండే పరిస్థితి అదే వయసు ఆడమనిషికి ఇంచుమించు 4 దగ్గరే వస్తుంది. ఆడా మగా తేడా లెక్కగట్టే జీఎఫ్ఆర్ కొలత కూడా నిబంధనల్లో ఉంది. కానీ ఊళ్లో అందరి నోటా నానేది 'అయిదు' అన్న అంకే. "నాకింకా నాలుగే" అని తిరిగిపోయే ఆడవాళ్లకి ఆ రెండో కొలత ఉందని ఎవరు చెప్తారు? ఒకే గీత గీసి అందరికీ సమానం అన్నంత మాత్రాన సమానం కాదని మనకి వేరే చెప్పాలా?

ఆమధ్య ఒక సదస్సులో ఇదంతా మాట్లాడితే నా స్నేహితురాలు, మంచి విమర్శకురాలు, అడ్డు తగిలింది. "స్త్రీ శరీరాన్ని వైద్యం చేతుల్లోంచి విడిపించడానికి ఇన్నేళ్లు పోరాడాం. ఇప్పుడు నువ్వొచ్చి ప్రతి నొప్పికీ నెంబరు వేయమంటావా?" అంది. ఈ ప్రశ్న తేలిగ్గా తీసిపారేసేది కాదు. జబ్బుల జాబితా దేవుడిచ్చింది కాదని నేనూ పాఠం చెప్పినదాన్నే. 1893లో బెర్టియోన్ తయారుచేసినప్పుడు అది ఒట్టి చావుల జాబితా. 1948లో ఆరో కూర్పు వచ్చేదాకా బతికి బాధపడేవాళ్ల జబ్బులకి అందులో చోటే లేదు. జెఫ్రీ బౌకర్, సూసన్ లీ స్టార్ 1999లో రాసిన పుస్తకంలో ఈ జాబితా వెనక ఎన్ని బేరసారాలున్నాయో విప్పి చూపించారు. నెంబర్లు అమెరికాలో వైద్యం కోసం కన్నా బిల్లు కోసమే ఎక్కువ వేస్తారన్నదీ నిజమే.

అయినా నా పేచీ ఇక్కడే. వర్గీకరణ హింస అనగలిగేది వర్గీకరణలో చోటు దొరికినవాళ్లు. అక్కరలేని ఆపరేషన్ చేయించుకోవడమూ, అవసరమైన పరీక్ష చేయకపోవడమూ పిన్ని ఒంటి మీదే జరిగాయి. వైద్యం ఆమెని ఒకచోట అతిగా పట్టుకుంది, ఇంకోచోట అసలు ముట్టుకోలేదు. మొదటిదాన్ని విమర్శించడానికి మనకి సిద్ధాంతం ఉంది. రెండోదాన్ని పేరు పెట్టి పిలవడానికి మాట కూడా లేదు. నెంబరు వేస్తే పిన్ని ఒక కేసు అయిపోతుందని భయపడుతున్నాం. నెంబరు వేయనందువల్ల 'జారిపడ్డ' ఆడది అయిపోయింది. అంటే తప్పు ఆమెదే అయింది!

ఇంకో వాదన ఆఫీసర్లది. "ఉద్దానం జబ్బుకి మూలమే తెలియదు కదా, ఏం రాస్తాం?" తెలియనిది కిడ్నీ ఎందుకు చెడిందన్నది. కిడ్నీ చెడ్డాక ఎముక ఎందుకు చెడుతుందో బాగా తెలుసు. పై మెట్టు చీకటిగా ఉందని కింది మెట్టు మీద దీపం ఆర్పుకుంటామా? 2013లో మధ్య అమెరికా దేశాల ఆరోగ్య మంత్రులు శాన్ సాల్వడార్‌లో కలిసి, కారణం పూర్తిగా తేలకముందే, ఈ జబ్బు ఉంది, ఇది ప్రజారోగ్య సమస్య అని ప్రకటించారు. 'కారణం తెలియదు' అని రాసి లెక్కపెట్టడం వేరు, రాయకుండా వదిలేయడం వేరు. మొదటిది ప్రశ్న. రెండోది మౌనం.

మన సాహిత్యం సంగతీ అడగాలి. 1991లోనే 'సవాలక్ష సందేహాలు' పుస్తకం తెలుగు స్త్రీల చేతికి తమ శరీరాల గురించిన జ్ఞానం ఇచ్చింది. ఓల్గా రాజకీయ కథలు మన శరీరమే రాజకీయ స్థలమని చెప్పాయి. గర్భం, రుతుస్రావం, చర్మం రంగు, అన్నిటి గురించీ రాసుకున్నాం. ఎముక గురించి? నా పరిశోధన ఉత్తరాంధ్ర కథల్లో స్త్రీల శ్రమ మీద. నడుం నొప్పితో మూలిగే తల్లులు నా నోట్సు నిండా ఉన్నారు. వాళ్ల నొప్పిని నేను 'శ్రమకి ప్రతీక' అని రాశాను. ప్రతీక! ఆ ముసలమ్మ కిడ్నీ ఎలా ఉందో, ఎన్నో ఏట గర్భసంచి తీయించుకుందో నేను అడగలేదు. డిశ్చార్జి కాగితం రాసినవాడు చేసిందే నేనూ చేశాను. నక్షత్రం రాసి కత్తి వదిలేశాను.

అందుకే అడుగుతున్నాను. 2023 డిసెంబర్ 14న పలాసలో 200 పడకల ఆస్పత్రి, కిడ్నీ పరిశోధనా కేంద్రం ప్రారంభమయ్యాయి. హిరమండలం నుంచి ఉద్దానానికి నీళ్ల పథకమూ ఆ రోజే మొదలైంది. పలాసలోనైనా టెక్కలిలోనైనా, ఇంకెక్కడైనా, కిడ్నీ రోగి ఎముక విరిగితే రెండూ ఒకే కాగితం మీద రాయాలి. కిడ్నీ జబ్బు మూడో దశ నుంచే కాల్షియం, ఫాస్ఫరస్, పారాథైరాయిడ్ హార్మోను చూడమని కేడీగో చెప్పింది. ఆ పరీక్షలు ఉచితంగా జరగాలి. గర్భసంచి తీస్తే ఎందుకు తీశారో, అండాశయాలు ఉంచారో తీశారో ఆమె చదువుకోగల తెలుగులో రాసివ్వాలి. పింఛను కొలతలో ఆడవాళ్లకి నష్టం చేసే అంకెని సరిచేయాలి. వీటిలో ఏదీ విప్లవం కాదు. ఆ పుస్తకంలో ఉన్న నియమాన్ని పాటించడమే.

మరి మనం చేయగలిగింది? కోడర్ల పనిలో ఒక పద్ధతి ఉంది. డాక్టరు రాసింది అసంపూర్తిగా ఉంటే, కోడర్ సొంతంగా ఏమీ చేర్చకూడదు కానీ, డాక్టరుకి 'క్వెరీ' పంపవచ్చు. అంటే ప్రశ్న రాసి జవాబు రాతలో అడగడం. అమెరికా రోగుల కోసం మా చెల్లి ఆ పని చేస్తూనే ఉంటుంది. తల్లి కోసం పంపే దారి లేదు. ఆ దారి మనం వేయాలి. పల్లెకి కథ కోసమో సర్వే కోసమో వెళ్లిన ప్రతి ఒక్కరం బీరువా మీది సంచులు మూడూ కిందికి దించమని అడుగుదాం, పక్కపక్కన పెట్టి చదువుదాం, ప్రశ్న రాసిద్దాం. మొన్న టెక్కలి బస్టాండులో కూర్చుని మొదటిది నేనే రాశాను. పిన్ని చేత సంతకం పెట్టించి, ఆ ఆస్పత్రికి పోస్టు చేశాను. అందులో ఇంతే ఉంది:

"ఈ రోగి తాను జారిపడలేదని, బకెట్టు ఎత్తినప్పుడు ఎముక విరిగాకే పడ్డానని చెబుతోంది. అప్పటికి నాలుగేళ్లుగా కిడ్నీ జబ్బు, ఏడాదిన్నరగా డయాలసిస్ ఉన్నాయి. ముప్ఫై నాలుగో ఏట గర్భసంచి తీశారు. ఎముక విరగడానికీ వీటికీ సంబంధం ఉందా, లేదా? ఏదైనా సరే, దయచేసి కాగితం మీద రాసివ్వండి."